మంగమ్మ గారి తిత్తి, మా చెల్లెలి ఊపిరి

నేను విజయవాడలో స్కూల్ టీచర్ని. కొన్నేళ్లుగా సాయంత్రాలు క్లారినెట్ నేర్చుకుంటున్నాను. ఆ మధ్య ఉత్తరాఖండ్‌లోని కుమావూ కొండల్లో తిరుగుతుంటే ఒక పెళ్లి ఊరేగింపులో బ్యాగ్‌పైపు కనిపించింది. స్కాట్లాండు సిపాయిలు వాయించేదాని లాంటిదే, కొండవాళ్లు తమది చేసుకున్నారు. బతిమాలి ఒకసారి నోట పెట్టుకున్నాను. బుగ్గలు నొప్పెట్టాయి తప్ప చిన్న కూత కూడా రాలేదు, చుట్టూ నవ్వారు. ఆ ఉక్రోషంతో వెతికితే మనకూ అలాంటిది ఉందని తెలిసింది. సన్నాయి పాడుతుంటే కింద ఒకే శ్రుతిని తెగకుండా పట్టే మేకతోలు సంచి. పేరు తిత్తి. కొల్లేటి అంచున, మండవల్లి దగ్గర ఒక ఊళ్లో అప్పారావు గారి సన్నాయికి ఆయన భార్య మంగమ్మ గారు తిత్తి ఊదేవారని ఎవరో చెప్పారు. ఫోన్ చేస్తే "రేపు సాయంత్రం తాడేపల్లిగూడెంలో పెళ్లి మేళం ఉందండి, పొద్దున్నే వచ్చేయండమ్మా" అన్నారాయన. కొల్లేటి చేపల కోసమని మా చెల్లెలు పద్మ వెంటపడింది.

ఏలూరు దాకా రైల్లో గంట ప్రయాణం. అక్కడ ఇడ్లీ తిని ఏడున్నరకి కైకలూరు బస్సెక్కాం. ఈ దారి కొల్లేటి మధ్యలోంచి పోతుంది కాబట్టి కిటికీ పక్క సీటు పట్టుకోండి. రెండువైపులా నీళ్లు, చేపల చెరువుల గట్లు, కొంగలు. కైకలూరులో ఆటో మూడొందలకి మాట్లాడుకున్నాం. "సన్నాయి అప్పారావు గారింటికాండీ? వాళ్లావిడకి ఆయాసం వచ్చాక మేళంలో ఆ గుమ్ము పోయిందండి. ఇప్పుడు కరెంటు శ్రుతిపెట్టె పెట్టుకుంటున్నారు" అన్నాడు డ్రైవరు.

అప్పారావు గారు గుమ్మంలోనే ఎదురొచ్చారు. మంగమ్మ గారు ముందు చేపల పులుసుతో అన్నం పెట్టి, తర్వాత తిత్తి తెచ్చారు. తోలు నల్లబడి నున్నగా ఉంది. ఒక గొట్టంలోంచి ఊదాలి. చంకలో సంచి నొక్కుతుంటే, రెల్లుపుల్లతో చేసిన పీక ఉన్న రెండో గొట్టం మోగుతుంది. ఆవిడ రెండు ఊపిర్లు ఊది చూపించి, ఆయాసపడుతూ నాకిచ్చారు.

నేను క్లారినెట్ ఊదినట్టే ఊదాను. కీచుమంది. మళ్లీ ఊదాను, మళ్లీ కీచు. "కంగారు పడుతున్నారండీ. సంచి నిండనివ్వండి" అన్నారు అప్పారావు గారు మెత్తగా. చెమటలు పట్టాయి గానీ శ్రుతి నిలబడలేదు.

పద్మ చెయ్యి కడుక్కుని వచ్చింది. "ఏదీ, నన్నోసారి చూడనీ అక్కా."

ఊదింది. మొదట గరగరలాడింది. తర్వాత ఇల్లంతా నిండేట్టు, గుమ్మని, ఒకే శ్రుతి లేచి నిలబడింది. పీక అంటే ఏమిటో తెలియని మనిషి! అప్పారావు గారు గోడకున్న సన్నాయి అందుకుని ఆ శ్రుతిలో పాట ఎత్తుకున్నారు. నేను ఊదినంతసేపూ ఆయన దాని వంక చూడనైనా లేదు.

పాట ఆపి ఆయన అడిగారు. "అమ్మా, సాయంత్రం మాతో కూర్చుంటారా?"

పద్మ నా వంక చూసింది. "కూర్చోవే, ఏముంది" అన్నాను. అన్నది నా నోరు మాత్రమే.

అప్పటికే మంగమ్మ గారు వంటింట్లోకి వెళ్లిపోయారు. గిన్నెలు గట్టిగా చప్పుడవుతున్నాయి. సాయం చేద్దామని వెనకే వెళ్లాను. ఆవిడ తలెత్తలేదు.

"కాపరానికొచ్చిన కాణ్ణించీ ఆయన పాట కింద నా ఊపిరేనండి. ఆ కరెంటు పెట్టె మోగితే నాకేమనిపించలేదు. అది మనిషి కాదు కదా. ఇవాళ ఇంకో ఆడమనిషి ఊదుతుంటే ఆయన మొహం చూశారా? ఎలా వెలిగిపోయిందో!" ఇంకో గిన్నె తోముతూ, "మీకేమనిపించిందండీ?" అన్నారు.

"ఏడుపొచ్చిందండి" అన్నాను.

అప్పుడు నన్ను తేరిపార చూశారు. గిన్నె ఒకటి తుడవమని నా చేతికిచ్చారు.

మేళం వాళ్ల వ్యాన్‌లోనే ఆకివీడు, భీమవరం మీదుగా రెండు గంటలు ప్రయాణించి అయిదింటికి తాడేపల్లిగూడెం చేరాం. కల్యాణమండపంలో పద్మ అప్పారావు గారి పక్కన కూర్చుంది. మంగమ్మ గారు, నేను మూడో వరసలో. మొదటి రెండు పాటలూ బాగా నడిచాయి. మూడోదానికి పద్మ చెయ్యి అలిసింది. శ్రుతి వంగడం మొదలైంది. నాకు లోపల ఎక్కడో హాయిగా అనిపించింది, దాచుకోను.

పక్క కుర్చీ ఖాళీ అయింది. మంగమ్మ గారు కొంగు బిగించి వేదిక ఎక్కేశారు. పద్మని ఆనుకుని కూర్చుని, సంచిని తన చంకలోకి లాక్కున్నారు. "నువ్వు ఊదమ్మాయ్. నొక్కేది నేను" అనడం నాకూ వినపడింది. వంగిన శ్రుతి లేచింది. ఇద్దరి మధ్య ఆ తోలుసంచి ఉబ్బుతూ తగ్గుతూ ఉంది. అప్పారావు గారు ఒక్కసారి పక్కకి చూసి, సన్నాయిని పై స్థాయికి తీసుకెళ్లారు. మండపంలో మాటలు ఆగిపోయాయి. పాట అయ్యాక అందరితో పాటు నేనూ చప్పట్లు కొట్టాను, అరచేతులు మండేలా.

తిరుగు రైల్లో పద్మ అడిగింది. "కోపమొచ్చిందా అక్కా?"

"వచ్చింది."

"మరి చెప్పలేదేం?"

"చెప్తే నువ్వు ఊదేదానివి కాదు."

అసూయ పోయిందని రాస్తే అబద్ధమవుతుంది. అది మంగమ్మ గారిక్కూడా ఉంది, నాకన్నా ఎక్కువే. కాకపోతే ఆవిడ దాన్ని తీసుకుని వేదిక ఎక్కారు, నేను కుర్చీలో కూర్చున్నాను. ఆ సాయంత్రం నన్ను అన్నిటికన్నా ఎక్కువ కుట్టింది పద్మ ఊపిరి కాదు, ఆవిడ లేచిన తీరు.

మీరూ వెళ్లాలనుకుంటే ఒక సలహా. పెళ్లిళ్ల రోజుల్లో, ముందుగా ఫోన్ చేసి, ఏలూరు నుంచి పొద్దుటి బస్సులో బయల్దేరండి. తిత్తి వినడానికైతే ఇంటిల్లిపాదినీ తీసుకెళ్లండి. నేర్చుకోవడానికైతే మాత్రం ఒంటరిగా వెళ్లండి.