మబ్రూకా అక్క తీసిన ముఖాలు

మా ఫాస్ఫేటు గనుల ఊళ్లో పెళ్లివీడియోలు తీసేది మబ్రూకా అక్క. ఆడవాళ్ల వైపుకి మగ కెమెరావాణ్ని రానివ్వరు కాబట్టి ఊరందరికీ ఆవిడే దిక్కు. వచ్చినవాళ్లలో ఒక్క ముఖం తగ్గినా ఆ ఇంటివాళ్లు ఏడాదిపాటు పలకరించరు. అందుకే ప్రతి ముఖం మీదా ఒకటి, రెండు, మూడు అని లెక్కపెట్టేంతసేపు కెమెరా ఆపేది.

కంపెనీ ఉద్యోగాల జాబితా నిండా పెద్దమనుషుల బంధువులే ఉన్నారని కుర్రాళ్లు రైలు పట్టాల మీద గుడారం వేసి ఖనిజం బళ్లు ఆపేశారు. టీవీవాళ్లు తొంగిచూడలేదు. "మన సినిమా మనమే తీసుకుందాం" అని అక్క బయల్దేరింది. అలవాటు ఎక్కడికి పోతుంది? ఉద్యమాన్నీ పెళ్లిలాగే తీసింది. ముప్పై ఒక్క ముఖాలు, ఒక్కటీ వదల్లేదు. చూసి నాకు ఒళ్లు మండింది.

"పోలీసులకి శ్రమ లేకుండా చేశావు కదక్కా!"

"వచ్చినవాణ్ని తియ్యకపోతే వాడికి అవమానం కాదుటే?" అంటూనే టేపు తీసుకెళ్లి రవ్వ డబ్బాలో దాచింది.

అక్క ఆ టేపు తీసిన రోజే కంపెనీ గోదాం తగలబడింది. వారం తిరక్కుండా, పక్కింటావిడ హద్దా కొడుకు అద్‌నాన్‌దే ఆ పని అని పోలీసులు పట్టుకుపోయారు. గోదాం అంటుకున్న వేళకి వాడు గుడారంలో టీ కాస్తున్నాడు. గంటా నిమిషంతో సహా టేపులో ఉంది. కానీ ముక్క కోసి ఇస్తే కోర్టు నమ్మదు, మొత్తం ఇవ్వాల్సిందే అన్నాడు వకీలు.

పెళ్లిలో ఆడవాళ్ల టేపు గడప దాటాలంటే అందులో ఉన్న ప్రతి ఆడమనిషినీ అడగాలి. అది మా మర్యాద. అక్క దాన్నే పట్టుకుని ఇల్లిల్లూ తిరిగింది.

"ముఖం దాచుకుంటే నా మనవడికి ఉద్యోగమిస్తారా ఏంటి? ఇచ్చెయ్యవే" అంది ఓ ముసలమ్మ. "నా పొట్ట కనబడుతోందా అక్కా?" అనడిగాడు ఇంకొకడు. అలా, అద్‌నాన్ తరఫున హద్దాతో కలిపి ముప్పై మంది సరేనన్నారు.

మిగిలింది లజ్‌హర్ బావ, అక్క మొగుడు. టేపు తీసిన రోజు అక్కకి భోజనం ఇవ్వడానికి వచ్చి గుడారంలో కూర్చున్నాడు. కెమెరా ఆయన్నీ వదల్లేదు. కంపెనీలో ఇరవై ఏళ్ల నౌకరీ ఆయనది. గుడారంలో కనిపించిన ఉద్యోగిని తీసేస్తామని గేటుకి కాగితం అంటించారు.

"ఊరంతా అడిగి మొగుణ్ని ఆఖర్న అడుగుతావా?" అన్నాడు బావ.

"భయమేసిందయ్యా. వద్దంటావని కాదు, సరేనంటావని."

"హద్దా ఇంట్లో నాలుగు రోజులుగా పొయ్యి వెలగలేదు" అంటూ బావ రవ్వ డబ్బా తనే దించాడు.

అద్‌నాన్‌ని కోర్టు వదిలేసింది. హద్దా వీధి పొడుగునా ఏడుస్తూ, నవ్వుతూ కొడుకుని తీసుకొచ్చింది. నేనూ ఏడ్చాను.

సోమవారం బావని ఉద్యోగంలోంచి తీసేశారు. పొద్దున తొమ్మిదింటికే ఆయన వెనక్కి నడిచొస్తున్నాడు. ఇది కూడా సినిమాలో ఉండాలని నేను కెమెరా తెచ్చి అక్క చేతికివ్వబోయాను. అక్క తీసుకోలేదు. వీధి మలుపు దాకా ఎదురెళ్లి, ఆయన చేతిలోని భోజనం గిన్నె అందుకుంది.