మామిడికాయల కేసు కొట్టేశాక

పుత్తూరు పక్క పల్లెలో ఒక మనిషిని నేను పేపర్లో మామిడికాయల దొంగ అని రాశాను. తోట ఎవరిదని అడగలేదు. స్టేషన్ నుంచి ఫోన్‌కు ఫొటో వచ్చింది. తోతాపురి కాయలు నింపిన ట్రాక్టర్, దాని ముందు చేతులు కట్టుకుని ఆయన, అటూ ఇటూ ఇద్దరు కానిస్టేబుళ్లు. కింద నాలుగు వాక్యాలు. కాయల కాలంలో అలాంటివి వారానికి రెండో మూడో వచ్చేవి. ‘మామిడికాయల దొంగ అరెస్టు’ అని శీర్షిక పెట్టి పంపి, భోజనానికి వెళ్లాను.

రెండేళ్ల తర్వాత తిరుపతి బస్టాండు ఎదుట టీకొట్టు దగ్గర ఆయనే నన్ను పట్టుకున్నాడు. శ్రీ సిటీ ఫ్యాక్టరీలకు కార్మికులను తీసుకెళ్లే బస్సు నడిపేవాడట. పేపర్లో ఫొటో వచ్చిన రోజే బస్సుల కాంట్రాక్టరు బస్సు తాళం తీసేసుకున్నాడు. ఇప్పుడు హైకోర్టు కేసు కొట్టేసింది. ప్లాస్టిక్ కవరులోంచి ఉత్తర్వు తీసి బల్ల మీద పెట్టాడు.

చదివాను. తోట తాతల నాటిదని ఆయన, దాన్ని తన తండ్రి కొన్నాడని దాయాది. సివిల్ కోర్టులో అప్పటికే దావా నడుస్తోంది. ఫిర్యాదులో దాయాది ఆ సంగతే ఎత్తలేదు. హక్కు ఎవరిదో తేలకముందు, తనదనుకుని కోసుకున్న కాయలను దొంగసొత్తు అనలేమని, భూమి తగాదాకు క్రిమినల్ రంగు పులిమారని హైకోర్టు తేల్చింది. తోట ఎవరిదో మాత్రం చెప్పలేదు. అది సివిల్ కోర్టు పని.

“కాంట్రాక్టరుకు ఇది చూపించలేదా?” అన్నాను.

“సూపిచ్చినాను సార్. ఇంగ్లీషులో ఉండాది, నాకేం తెలుస్తాది అన్నాడు. దొంగని పేపర్లో ఏసినారు గదా, కాదని గూడా పేపర్లోనే ఏపిచ్చుకోనిరా, తాళం ఇస్తానన్నాడు.”

టీకొట్టాయన గ్లాసులు కడుగుతూ నవ్వాడు. “ఏమప్పా, అప్పుడు ఫొటోతో గదా ఏసినారు. ఇప్పుడు గూడా ట్రాక్టరు పిలిపిస్తావా?”

“పిలిపిద్దును. కాయలు యాడ తెచ్చేది?” అని, ఆయన నా వైపు తిరిగాడు. “అప్పుడు నన్నొక మాట అడిగింటే బాగుండు సార్.”

కోపంగా అనలేదు. ఉత్తర్వును ఫోన్‌లో ఫొటో తీసుకున్నాను.

ఆ సాయంత్రం పది వరుసలు రాసి పంపాను. కేసు కొట్టేస్తే అందులో వార్త ఏముందని డెస్కులో అడిగారు. పాత క్లిప్పింగు కూడా పంపాను. మూడో రోజు జిల్లా పేజీ అడుగున నాలుగు వరుసలు వచ్చాయి. శీర్షిక ‘మామిడికాయల దొంగతనం కేసు కొట్టివేత’.

ఆ పొద్దున్నే ఆయన పేపరు కొనుక్కుని టీకొట్టుకు వచ్చాడు. శీర్షిక మీద వేలు పెట్టాడు.

“మళ్లా దొంగతనమనే ఏసినారే సార్.”

“కేసు పేరే అది. పక్కనే కొట్టివేత అని ఉంది కదా.”

“ఆ మాట కాడికి వచ్చేలోగా మా కాంట్రాక్టరు పేపరు మడిచేస్తాడు.”

పేపరును బల్ల అంచుకు ఆనించి, గోటితో గీటు పెట్టి, శీర్షికను మాత్రం నిదానంగా చించి తీశాడు. కింది నాలుగు వరుసలను ఉత్తర్వుతో పాటు కవరులో పెట్టుకున్నాడు. శీర్షిక ముక్కను నా గ్లాసు పక్కన వదిలేసి వెళ్లాడు.

తర్వాతి వారం పుత్తూరు రోడ్డు మీద నిలబడి ఉంటే ఒక కార్మికుల బస్సు పక్కకొచ్చి ఆగింది. స్టీరింగు దగ్గర ఆయన.

“తాళం ఇచ్చినాడు సార్. ఎక్కండి, టౌన్లో దించుతా.”

ఎక్కి ఆయన వెనక సీట్లో కూర్చున్నాను. తోట సంగతి ఏమైందని అడిగాను.

“వాయిదాల్లోనే ఉండాది. పూత బాగా వచ్చింది గానీ, ఈసారి కాయలు కొయ్యను.”

“ఎందుకని?”

“మీరు మళ్లా ఏస్తారు,” అని గేరు మార్చాడు.