గవాక్షి మూసిన గది

మొన్న బెంగళూరులో మనవరాలు నన్నొక చిత్రకళా ప్రదర్శనకు తీసుకుపోయింది. గోడల మీద బొమ్మ ఒక్కటీ లేదు. ఖాళీ గది, కప్పులో చిన్న కన్నం, అందులోంచి నేల మీద పడే ఎండ, అంతే. ఇదేమి కళ అవ్వా అని అది నవ్వింది. ఇలాంటి గదిని నేను డెబ్భైల్లోనే, పుంగనూరు దగ్గరి మా ఊళ్ళో చూశాను. దాన్ని చేసినవాడు మా అన్న.

మట్టిమిద్దెల్లో పెరిగిన నా ఈడువాళ్ళకు గవాక్షి సంగతి చెప్పనక్కర లేదు. పొగ పోయేదీ వెలుతురు వచ్చేదీ కప్పుకు విడిచిన ఆ కన్నంలోంచే, వాన పడితే పైకెక్కి దాని మీద బండ కప్పేవాళ్ళం. అమ్మ జబ్బుపడి మంచం పట్టాక దాని కిందే పడుకుని, ఎండ జరిగి ఉట్టి కిందికి రాగానే, నాయన చేని నుంచి వచ్చే వేళయింది, సంగటి కెలకమని నాకు చెప్పేది. గడియారం చూడటం రాదు గానీ ఆమె లెక్క తప్పడం నేనెరగను.

ఆమె పోయిన నక్షత్రం మంచిది కాదన్నారు. మా వైపు ఆనవాయితీ ప్రకారం ఇల్లు పాడుపెట్టి, అంటే సామాను తీసేసి తాళం వేసి, కొన్ని నెలలు పెదనాయన ఇంట్లో తలదాచుకున్నాం. గడువు తీరకుండా ఆ తలుపు తీస్తే అరిష్టమని అందరికీ భయం. మదనపల్లెలో డ్రాయింగు మాస్టరుగా ఉన్న అన్న అప్పటికే బొమ్మలు మానేసి వెలుతురు పిచ్చిలో పడ్డాడు. సెలవుల్లో వచ్చి, ఎవరికీ చెప్పకుండా తాళం తీసి, గోడలకు సున్నం కొట్టి, కిటికీలకు గోనెపట్టాలు బిగించి, రేకు అడ్డం పెట్టి గవాక్షిని సన్నం చేశాడు. నన్ను లోపలికి తీసుకుపోతే, ఆ చీకట్లో ఒక్క ఎండముక్క అమ్మ మంచం ఉండిన చోటు నుంచి ఉట్టి ఉన్న వైపుకు నిదానంగా జరుగుతూ వచ్చింది. నా చేయి తనంతట తానే సంగటికట్టె కోసం వెతికింది.

సంగతి తెలిసి ఊరంతా వాకిట్లో పోగయింది. నాయన గడప తొక్కలేదు. "మీయమ్మ సచ్చిన ఇంట్లో ఆటలాడతా ఉండావా?" అన్నాడు.

"ఆట కాదు నాయనా, లోపలికొచ్చి ఒక్కసారి సూడు. అమ్మ నిన్ను సంగటికి పిలస్తా ఉండాది" అని అన్న ఆయన చేతులు పట్టుకున్నాడు.

నాయన విదిలించుకుని వెళ్ళిపోయాడు. మర్నాడే మేస్త్రీని పిలిపించి గవాక్షిని సిమెంటుతో మూయించాడు. అన్న కుప్పం పోయి రైలెక్కాడట. ఎక్కడున్నాడో, అసలు ఉన్నాడో లేడో నాకు ఈనాటికీ తెలియదు.

ఎనభైల చివర్లో కాళ్ళు పడిపోయినప్పుడు నాయన పట్టుబట్టి ఆ గదిలోనే మంచం వేయించుకుని, పగలంతా కప్పులోని సిమెంటు అతుకునే చూస్తూ ఉండేవాడు. చీకటిగా ఉంది కదా, పగలగొట్టిద్దామా అని అడిగాను.

"వద్దులేమ్మా. వాడే వచ్చి తీస్తాడు" అన్నాడు. ఆ చీకట్లోనే పోయాడు.

ఇప్పుడక్కడ స్లాబు ఇల్లు లేచింది. పట్టపగలే ట్యూబులైటు వెలుగుతుంది, ఎండ ఎందాకా వచ్చిందో ఎవరికీ పనిలేదు. బెంగళూరు గదిలో జనమంతా తలెత్తి కన్నాన్ని చూస్తుంటే నేను మాత్రం నేల మీది ఎండ జరగడం చూస్తూ నిలబడిపోయాను. పోదాం పదమని మనవరాలు చేయి లాగింది.

"ఉండమ్మా, నాయనొచ్చే వేళయింది" అన్నాను.