పీలింగ్ గదిలో రైటర్ మావ

రైటర్ మావ పోయారన్న కబురు బుధవారం పొద్దున్న, మేం ట్రేలు పంచుకుంటుండగా తెలిసింది. పలాసలో జీడిపప్పు పైపొర ఒలిచే గది మాది. పాతికమంది ఆడవాళ్ళం వరసగా కింద కూర్చుని చిన్న చాకులతో పని చేస్తాం. మాలో అందరికంటే పెద్దావిడని అప్ప అంటాం. అప్ప గుమ్మంలోనే నిలబడి, "మావ ఎల్లిపోనాడంటర్రా, తెల్లారగట్ల" అంది. అని, వచ్చి తన చోట కూర్చుని చాకు తీసుకుంది. ఎవరి చెయ్యీ ఆగలేదు. ఆపితే ఒకరి మొహం ఒకరం చూసుకోవాలి, చూసుకుంటే ఏడవాలి. ఆయన మా గదికి కొత్త కాగితాలు తెస్తానన్నది కూడా ఆ బుధవారమే.

ఆయనెవరో మీకు తెలీదు. ఆయన మాటలు మాత్రం మీ ఇంట్లో తిరిగే ఉంటాయి. పిల్లలు బడి నుంచి వచ్చి సంచీ ఒక మూల పారేసి టీవీలో జపాన్ బొమ్మల సీరియళ్ళు చూస్తారు కదా. ఆ బొమ్మలు తెలుగులో మాట్లాడతాయి కదా. వాటిలో చాలావాటికి తెలుగు రాసింది వజ్రపుకొత్తూరు పక్కన కొబ్బరితోటల్లో పుట్టిన మనిషి. చివర్లో పేర్లు పడే వేళకి ఛానెల్ వాళ్ళు సబ్బు ప్రకటన వేసేస్తారు కాబట్టి, ఆయన పేరు తెరమీద ఆయన తల్లి కూడా చూడలేదు. "పడకపోతేనే మంచిది. తిట్టుకునేవోలికి అడ్రసు దొరకదు" అనేవారు. అది సరదాకి అన్న మాట కాదని నాకు తరవాత తెలిసింది.

కాశీబుగ్గలో చదువయ్యాక మద్రాసు వెళ్ళి, ఎవరో రాసిన డైలాగులకి ఫెయిర్ కాపీ రాసిపెట్టే పనిలో చేరారట. అక్కణ్ణుంచి హైదరాబాదు. జపాన్ బొమ్మలు వచ్చిపడ్డాక తనకంటూ పని దొరికింది. అదేం పనో మాకోసారి చేసి చూపించారు. జపాన్ మాటకి ఇంగ్లీషు కాగితం ఒకటి వస్తుంది. ఆ కాగితం పక్కన పెట్టుకుని, టీవీ సౌండు పూర్తిగా తీసేసి, బొమ్మ నోరు ఎన్నిసార్లు తెరుస్తోందో బొటనవేలితో మిగతా వేళ్ళ మీద లెక్కపెడతారు. అయిదుసార్లు తెరిస్తే అయిదు నిలువు గీతలు. ఆ గీతల్లో ఇమిడేలా తెలుగు మాట పెట్టాలి. ఒకటి ఎక్కువైతే నోరు మూసుకున్నాక మాట వినిపిస్తుంది, తక్కువైతే బొమ్మ చేపలా నోరు ఆడిస్తుంది.

అలా పాతికేళ్ళు పైనే రాశారు. ఈలోగా కిడ్నీలు దెబ్బతిన్నాయి. మా ఉద్దానం జబ్బుకి, ఎప్పుడో ఊరొదిలి వెళ్ళిపోయినవాడని జాలి ఉండదు. మూటాముల్లె సర్దుకుని తల్లి దగ్గరికి వచ్చేశారు. సోమవారం, గురువారం పలాసలో డయాలిసిస్. మిగతా రోజుల్లో సొంత సీరియల్ పని. ఈసారి రాసేదీ ఆయనే, నిర్మాతా ఆయనే. విశాఖలో ఇద్దరు కుర్రాళ్ళు బొమ్మలు గీసేవారు. మన తీరానికి గుడ్లు పెట్టడానికొచ్చే తాబేళ్ళకి కాపలా కాసే పన్నెండేళ్ళ పిల్ల కథ అది. పిల్ల పేరు నూకాలు.

మా ఫ్యాక్టరీ ఓనరు ఆయనతో చదువుకున్నాడు. ఆ చనువుతో మా గదిలోకొచ్చి, గోడవార ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని, రాసినవి పైకి చదివేవారు. మొదట్లో మాకు నవ్వులాట. "మావా, మాకు సదివి ఇనిపిత్తే ఏటొత్తాది? ఒలిసిన పప్పు పెట్టమంటావేటి?" అని అప్ప ఆటపట్టించేది. ఆయన మా మొహాలు చూసేవారు కాదు, చేతులు చూసేవారు. చదువుతుండగా ఎవరి చెయ్యైనా ఆగితే ఆ వాక్యం కింద గీత గీసేవారు. ఎందుకని అడిగితే ఇలా చెప్పారు:

"సెయ్యి ఆగినాదంటే నా మాట మీకు అడ్డం పడ్డాదని. సెయ్యి ఆగకండా నవ్వొచ్చినాదనుకో, ఆ మాట బతుకుతాది."

ఒకరోజు నేనే అడిగాను. "మావా, నువ్వు రాసినోటిల్లో బాగా పేరొచ్చిందేటి?"

ఆయన కాగితాలు సర్దుకున్నారు, కళ్ళజోడు తుడుచుకున్నారు. ఆఖరికి ఒక జపాన్ సీరియల్ సంగతి చెప్పారు. అందులో ప్రతిసారీ దొరికిపోయే దొంగ ఒకడున్నాడు. వాడి చేత మన శ్రీకాకుళం మాట మాట్లాడించింది ఆయనే. దొరికినప్పుడల్లా వాడు రెండు చేతులూ ఎత్తి, "నానేటి సేసినాను బాబూ!" అంటాడు. ఆయన చెప్పడం ఆలస్యం, గదంతా ఒక్క గొంతుతో "నానేటి సేసినాను బాబూ!" అని గొల్లుమంది.

నేను నవ్వలేదు. చాకు కింద పెట్టాను.

పది పాసయ్యాక నేను విశాఖలో ఒక చీరల షాపులో చేరాను. చేరిన వారానికే తోటివాళ్ళు నాకు ఆ దొంగ పేరు పెట్టారు. నేను నోరు తెరిస్తే చాలు, ఎవడో ఒకడు చేతులెత్తి ఆ మాట అనేవాడు. ఒకరోజు చీరలు చూపిస్తుంటే కొనడానికొచ్చినావిడ పక్కనున్న చిన్నపాప సంబరంగా, "మమ్మీ, ఈ ఆంటీ దొంగలాగే మాట్లాడుతోంది!" అంది. పాప తప్పేం లేదు, నిజంగానే సంబరపడింది. ఆ రోజు నుంచీ తల ఊపుతూనే చీరలు అమ్మాను. నోరు విప్పని పిల్ల చీరలేం అమ్ముతుందని మూడో నెలలో మానిపించేశారు. ప్యాసింజరు ఎక్కి వచ్చేశాను. అప్పటినుంచీ ఈ గదే.

ఇదంతా ఆయన మొహం మీదే చెప్పాను. కోపమొస్తే నాకు చిన్నా పెద్దా తెలీదు. "నీ పేరు పడకపోవడం మంచిదే మావా. నాకు అడ్రసు దొరికితే అప్పుడే వచ్చుందును" అన్నాను.

ఆయన లేచి నిలబడ్డారు. ఆ దొంగ మాటనే అంటారేమో, నవ్వించి తప్పించుకుంటారేమో అనుకున్నాను. ఆయన నా వైపు చూసి, "నానే సేసినాను" అన్నారు. కాగితాలు తీసుకుని వెళ్ళిపోయారు.

రెండు రోజులు రాలేదు. "మడిసి మంచోడే. నువ్వే నోరు పారేసుకున్నావు" అని అప్ప నన్ను కేకలేసింది. మూడో రోజు వచ్చారు. కుర్చీ వదిలేసి, నా పక్కనే నేల మీద చతికిలబడి, జరిగింది చెప్పుకొచ్చారు.

ఆ దొంగకి ఏదైనా వింత యాస పెట్టమని స్టూడియో వాళ్ళు అడిగితే, మన మాట టీవీలో వినబడుతుంది కదా, ఊళ్ళో మురిసిపోతారని ఒక్క పూటలో రాసేశారట. ఇంటికి ఫోన్ చేసి మరీ తల్లిని చూడమన్నారట. ఆవిడ చూసి, "బాగున్నాదిరా. మరి మన మాట దొంగోడికేనా వత్తాది? మంచోడికి రాదేటి?" అందట. నవ్వేసి ఊరుకున్నారట.

చాలా ఏళ్ళకి, ఆ సీరియల్ రాసి, నిర్మించిన జపాన్ పెద్దాయన హైదరాబాదు వచ్చాడు. ఎనభైకి దగ్గర్లో ఉన్న మనిషి. మధ్యలో మాట తిప్పి చెప్పే అమ్మాయి ఒకామె. మావ ఈ దొంగ సంగతి కాస్త గొప్పగానే చెప్పారట. పెద్దాయన విని, చేతిలో టీ కప్పు కింద పెట్టాడట. అసలు సీరియల్లో ఆ దొంగ మాట్లాడేది వాళ్ళ రాజధానిలో గొప్పవాళ్ళ భాష. పెద్దాయన పుట్టింది మంచు పడే చోట, చేపలు పట్టే ఊళ్ళో. వాళ్ళ ఊరి మాట ఎప్పుడూ తెరమీద పనివాళ్ళకీ, తెలివితక్కువవాళ్ళకీ మాత్రమే పెట్టేవారట. అది కడుపులో పెట్టుకుని, కలం చేతికొచ్చాక కావాలనే దొంగకి దొరల భాష పెట్టాడు. ఇంగ్లీషు కాగితంలో ఆ తేడా ఎక్కడా లేదు.

"ఆ ముసలాయన అంత కట్టపడి సరిసేసిందాన్ని నాను మళ్ళీ తిరగేసీసినాను గుంటా" అన్నారు మావ. "తిడతాడనుకున్నాను. ఆయనేటి అడిగినాడో తెలుసా? మీ ఊళ్ళో సముద్రం ఉన్నాదా అని. ఉన్నాదన్నాను. అయితే నీ కాడ ఇంకో కథ ఉంటాదన్నాడు."

అదీ నూకాలు పుట్టిన సంగతి. చెప్పడం అయ్యాక జేబులోంచి పెన్ను తీసి నన్నడిగారు. "ఆ సీరల సాపులో నువ్వేటి అనాలనుకుని అనలేకపోనావో, అది సెప్పు."

నాకింకా కోపం పూర్తిగా దిగలేదు. ఒలుస్తూనే కసిగా అన్నాను. "నవ్వుకో బాబూ. నవ్వడం అయిపోనాక ఇను."

మొదటి భాగంలో తాబేలు గుడ్లు ఎత్తుకుపోవడానికొచ్చిన కారు మనుషులు నూకాలు మాట విని నవ్వుతారు. అప్పుడు నూకాలు అనే మాట అదే. అన్నది నా గొంతే.

రికార్డింగు మా ఫ్యాక్టరీ గోడౌన్లో జరిగేది. జీడిపిక్కల గోనె బస్తాలు నాలుగు వైపులా పేర్చి, మధ్యలో నన్ను స్టూలు మీద కూర్చోబెట్టేవారు. బస్తాలు చప్పుడంతా పీల్చేసుకుంటాయని ఆయన కనిపెట్టిన స్టూడియో అది. ఫ్యాను ఉండదు, చెమట ధారలు. నేను తెలియకుండానే టీవీ యాంకరమ్మలా గొంతు సాగదీస్తే ఆపేసేవారు. "ఆవిడెవులు? నాకు తెల్దు. ఆ రోజు నన్ను తిట్టినావే, ఆవిణ్ణి తీసుకురా" అనేవారు. విశాఖలో మూసుకున్న నోరు ఆ బస్తాల మధ్యే తెరుచుకుంది. ఇంతకంటే ఎక్కువ రాయబోతే ఏడుపొస్తుంది.

రెండు భాగాలయ్యాక హైదరాబాదు నుంచి ఛానెల్ మనిషి ఒకాయన వచ్చాడు. కథ నచ్చింది, బొమ్మలు నచ్చాయి, తీసుకుంటామన్నాడు. నూకాలు మాత్రం శుభ్రమైన తెలుగు మాట్లాడాలట. ఈ యాస కావాలంటే వంటమనిషికి పెట్టుకోండి, కామెడీగా ఉంటుందన్నాడు. మావ ఆయన ముందు గుప్పెడు జీడిపప్పు పెట్టారు. "తినండి. పొర తీసినాదీ ఈ గుంటే, నూకాలు గొంతూ ఈ గుంటదే. ఒకటి నచ్చి ఒకటి నచ్చకపోతే ఎలగండీ?" అన్నారు. ఆయన పప్పు తినేసి కారెక్కాడు.

నా ప్రాణం ఉసూరుమంది. "నా మూలాన్నే పోనాది కద మావా. మంచి గొంతెవుల్దైనా పెట్టీసుకో" అన్నాను.

"ఒకపాలి మనూరి మాట ఒట్టుకెల్లి దొంగ సేతిలో పెట్టీసినాను. రెండోపాలి పెట్టడానికి నాకు రెండో ఊరు లేదమ్మా" అన్నారు.

అలా నూకాలు టీవీకెక్కలేదు. ఫోన్లలోనే తిరిగింది. ఒకనాడు టెక్కలి బస్సులో ఒక బళ్ళో చదివే పిల్ల, టిక్కెట్టు దగ్గర తనని వేళాకోళం చేసిన కండక్టరుతో నడుం మీద చెయ్యేసుకుని, "నవ్వుకో బాబూ. నవ్వడం అయిపోనాక ఇను" అంది. నేను వెనక సీట్లోనే ఉన్నాను. బస్సు దిగి ఇంటికి పోకుండా డయాలిసిస్ గదికి పరిగెత్తాను.

అక్కడ ఆయనకో అలవాటు. అద్దం అవతల డాక్టరుగారు నర్సుతో మాట్లాడుతుంటే వాళ్ళ నోళ్ళకి ఇవతల డైలాగులు అందించేవారు. పక్క మంచాలవాళ్ళకి అదే సినిమా. ఆ రోజూ డాక్టరుగారి చేత వంకాయ కూర గురించి మాట్లాడిస్తున్నారు. నేను వగరుస్తూ బస్సు సంగతి చెప్పాను. మురిసిపోతారనుకున్నాను. ఆయన కనుబొమలు ముడిచి, "ఎలగన్నాది? నీలాగ మజ్జిలో ఆపినాదా, గబగబా అనీసినాదా?" అని అడిగారు.

"ఆపినాది మావా."

"అయితే సరే" అన్నారు. కాసేపటికి చూస్తే, గొట్టాలు లేని చేత్తో కళ్ళు తుడుచుకుంటున్నారు.

ఆయన పోయిన పదో రోజున తల్లి నన్ను పిలిచి ఆయన సంచీ ఇచ్చింది. ఆఖరి భాగం కాగితాలు అందులోనే ఉన్నాయి. బొమ్మలు అప్పటికే అయిపోయాయి. తాబేలు పిల్లలన్నీ సముద్రంలోకి వెళ్ళిపోతాయి. నూకాలు ఒడ్డున నిలబడి చూసి చూసి, మన వైపు తిరిగి ఒక మాట అంటుంది. ఆ చోట కాగితం మీద ఆరు నిలువు గీతలున్నాయి. మాట లేదు. పక్కన చిన్న అక్షరాలతో, "ఇది నువ్వు రాయి గుంటా" అని ఉంది.

వారం రోజులు నాకేమీ తోచలేదు. ఆ తరవాత ఒక సాయంత్రం పని దిగి వెళుతూ అప్ప గుమ్మం దగ్గర రోజూ అనే మాటే అంది. నా బొటనవేలు దానంతటదే వేళ్ళ మీద నడిచింది. సరిగ్గా ఆరు. మర్నాడు బస్తాల మధ్య కూర్చుని ఒక్కసారే చెప్పాను.

మొన్న బుధవారం ఆ భాగం మా గదిలోనే పెట్టాం. ఆయన కుర్చీ మీద పప్పు డబ్బా, డబ్బాకి ఆనించి ఫోను. నూకాలు మన వైపు తిరిగింది.

"ఎల్లొత్తాను మరి."

అందరి చేతులూ ఆగిపోయాయి. ఆయన లెక్కన ఆ మాట తప్పినట్టే. కింద గీత గీసి మార్చమనేవారు. నేను మార్చలేదు. ఫోను ఆరిపోయింది. పాతిక చేతుల్లో పాతిక పప్పులు, సగం పొరతో అలాగే ఉన్నాయి.