నేను కలిపేసిన రెండు పేర్లు

2000లో సింగపూర్‌లోని ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీలో పనిచేసేవాణ్ణి. పాత చైనీస్ సినిమాల వివరాలన్నీ కంప్యూటర్‌లోకి ఎక్కించే ప్రాజెక్టు మాకు వచ్చింది. అందులో నా వంతు డీడూప్లికేషన్. అంటే ఒకే మనిషి రెండుసార్లు నమోదై ఉంటే, పుట్టిన తేదీ, చిరునామా సరిచూసి ఒక్క రికార్డుగా కలపడం.

ఆ సిస్టమ్ ప్రారంభోత్సవానికి నాలుగు రోజుల ముందు ఎనభై ఏళ్ల పెద్దాయన ఒకరు ఊరి ఉత్తర కొసన ఉన్న యీషున్ నుంచి ట్రైన్‌లో వచ్చి, నా బల్ల మీద ఒక ప్రింటవుట్ పడేశారు. 1950లలో సినిమాలు రాసి, తీసిన దర్శకుడు.

"వీళ్లిద్దర్నీ కలిపింది నువ్వేనా?"

"ఇద్దరూ మీరే కదా, అంకుల్?"

"నేనే లా!" అన్నారు, సింగపూర్ వాళ్లు మాట చివర తగిలించే 'లా'తో. "ఒక పేరుతో స్టూడియో ఓనర్ తీయమన్నవి తీశాను. దయ్యాలు, డాన్సులు, ఏడాదికి ఆరు. పిల్లలు తినాలి కదా! రెండోది మా నాన్న పెట్టిన పేరు. దానితో మూడే సినిమాలు. రాసిందీ నేనే, తీసిందీ నేనే. ఇన్నేళ్లూ వాళ్లిద్దర్నీ ఎదురుపడనివ్వలేదు. నువ్వు ఒక్క బటన్ నొక్కి ఒకే కుర్చీలో కూర్చోబెట్టావు!"

నాకు తల కొట్టేసినట్టయింది. మా దివాణం వేలంలో పోయాక నాన్నగారు రైస్‌మిల్లులో గుమాస్తాగా చేరారు. ఉన్నన్నాళ్లూ అక్కడి కాగితాల మీద ఇంటిపేరు రాయలేదు. అది చూస్తూ పెరిగిన నేనే ఈ పని చేశాను.

వెంటనే రికార్డులు విడదీశాను. మా మేనేజర్ ప్రసాద్‌ది గుంటూరు. నాకన్నా పదేళ్లు చిన్న.

"ఏంటి రాజుగారూ, ఒక మనిషికి రెండు రికార్డులా? డెమోలో ఆయన సినిమాలన్నీ కలిసిన ఆ పెద్ద లిస్టే కదండీ హైలైట్!"

"ఆయన అడిగారు. పేరు ఆయనది."

"డేటా క్లయింట్‌ది. మీ దివాణం రూల్స్ ఇక్కడ పెట్టకండి సార్."

ఆ మాట తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. మర్నాడు నేను మకాన్‌కి, అంటే భోజనానికి, వెళ్లిన గంటలో, ఇంకొకరి చేత ఆ రికార్డులు మళ్లీ కలిపించేశాడు. నా యాక్సెస్ కూడా తీయించాడు.

పెద్దాయనకు ఫోన్ చేసి జరిగింది చెప్పాను.

"మూడే కదా అడిగాను," అని ఫోన్ పెట్టేశారు.

ఆ సిస్టమ్ చివర తయారుచేసినవాళ్ల పేర్లతో ఒక పేజీ ఉంది. అందులోంచి నా పేరు తీసేయమన్నాను.

"అందరూ పేరు కోసం కొట్టుకుంటుంటే మీరేంటండీ బాబూ!" అని నవ్వాడు ప్రసాద్. నేను నవ్వలేదు.

అప్పటినుంచి, మనిషి బతికుంటే, అడగకుండా ఆయన రికార్డులు కలపను. ఆ ప్రాజెక్టు నా రెజ్యూమెలో లేదు. ఆ ఏడాది ఏం చేశారని ఇంటర్వ్యూల్లో అడిగితే, ఖాళీగా ఉన్నానని చెబుతాను.