కీమో రోజుల్లో దేవుడు నా నోరు తెరిచిన సంగతి

ప్రభువునందు ప్రియమైన సహోదరులారా, సహోదరీలారా, మీ అందరికీ వందనాలు. నా పేరు ప్రసాదరావు, మాది గుడివాడ. ముప్పై ఏళ్ళు బస్సు నడిపాను, ఎక్కువ కాలం బందరు రూట్లోనే. నేను చెప్పబోయేది సాధారణంగా నలుగురిలో చెప్పుకునే విషయం కాదు, విరేచనాల గురించి. ఇలాంటిది సంఘ పత్రికలో వేస్తారా అని మా పాస్టరు గారిని ముందే అడిగాను. "వెయ్యకపోతే ఎవరో ఒకరు దాచిపెట్టుకుని ప్రాణం మీదకి తెచ్చుకుంటారండీ, రాయండి" అన్నారు. అందుకని రాస్తున్నాను.

నాలుగేళ్ళ కిందట నా పెద్దపేగులో క్యాన్సర్ గడ్డ ఉందని తేలింది, ఆపరేషన్ చేసి తీసేశారు, ఆ తరువాత విజయవాడలో ఒక ఆసుపత్రిలో కీమో మొదలుపెట్టారు. రెండు వారాలకొకసారి వెళ్ళి మందు ఎక్కించుకుని రావాలి. మొదటి రెండు విడతలూ ఓ మాదిరిగా గడిచాయి, నోరు చేదుగా ఉండేది, నీరసంగా ఉండేది, అంతే. నాకేమీ కాదని లోలోపల కాస్త గర్వపడ్డాను కూడా. మూడో విడత అయిన నాలుగో రోజున కడుపులో మెలిపెట్టి నీళ్ళ విరేచనాలు పట్టుకున్నాయి, ఆగలేదు. బస్సు నడిపే రోజుల్లో గంటల తరబడి సీటు దిగకుండా కూర్చున్నవాణ్ణి, ఇప్పుడు మంచం మీద నుంచి బాత్రూముకి నాలుగడుగులు వేసేలోపు ఒంటి మీద అదుపు పోయేది.

ఆ ఆదివారం మందిరంలో నేను డోలక్ వాయిస్తున్నాను. పాట మధ్యలో లేవాల్సి వచ్చింది, లేచాను గాని బయటికి వెళ్ళేలోపే అయిపోయింది. తువ్వాలు నడుముకి చుట్టుకుని వెనక గుమ్మంలోంచి ఇంటికి నడిచి వెళ్ళిపోయాను, దారిలో ఎవరు పలకరించినా తల ఎత్తలేదు. ఆ తరువాత మందిరానికి వెళ్ళడం మానేశాను. పాస్టరు గారు ఇంటికొస్తే నీరసం అని చెప్పాను. నా బట్టలు నేనే ఉతుక్కునేవాణ్ణి. నా భార్య సుగుణ అడిగితే కసురుకునేవాణ్ణి. ముప్పై ఏళ్ళు నాతో కాపురం చేసిన మనిషి దగ్గర దాచాను.

అంతకంటే పెద్ద తప్పు ఇంకొకటి చేశాను. నాలుగో విడతకి వెళ్ళినప్పుడు అక్కడి నర్సమ్మ ఫైలు పట్టుకుని, "మోషన్స్ ఎలా అవుతున్నాయి బాబాయి గారూ?" అని అడిగింది. "బాగానే అవుతున్నాయమ్మా" అన్నాను. ఎందుకన్నానంటే, అంతకు ముందు నా పక్కన బెంచీ మీద కూర్చున్న ఒకాయనకి ఒంట్లో బాగా లేదని ఆ వారం మందు ఆపేశారు, మందు ఆపారంటే ఇక ఆశ వదులుకున్నట్టే అని నేను అనుకున్నాను. నా అబద్ధాన్ని నమ్మి నాలుగో విడత మందు పూర్తిగా ఎక్కించారు. ఇంటికొచ్చాక రోజుకి పదకొండు సార్లు. తింటేనే కదా వెళ్ళాల్సి వచ్చేది అని అన్నం మానేశాను, తరువాత నీళ్ళు కూడా మానేశాను, సుగుణకి మాత్రం ఉపవాస ప్రార్థనలో ఉన్నానని చెప్పాను. అది ఉపవాసం కాదు సహోదరులారా, భయం. దానికి దేవుడి పేరు పెట్టుకున్నాను.

సుగుణ ఇక తట్టుకోలేక మా అక్కకి ఫోన్ చేసింది. మా అక్క కరుణమ్మ బందరు గిలకలదిండిలో ఉండేది, హార్బరు దగ్గర చేపలు ఎండబెట్టి అమ్ముకునేది. మా అమ్మ పోయినప్పుడు నాకు ఆరేళ్ళు, అక్కకి పద్నాలుగు, నన్ను పెంచింది ఆవిడే. మర్నాడు పొద్దున్నే మొదటి బస్సుకి వచ్చేసింది, చేతిలో పెద్ద గుడ్డ సంచి. లోపలికి వచ్చి నా మొహం చూసి సంచి మంచం మీద బోర్లించింది. తన పాత నూలు చీరలు, ఉతికి ఉతికి మెత్తబడ్డవి, చతురస్రంగా కత్తిరించి మడతలు పెట్టి తెచ్చింది.

"సుగుణ చెప్పింది రా. నీ మంచం కింద గుడ్డలు చూసిందట. కాయితం పెట్టి తుడుచుకుంటే ఒరుసుకుపోతుంది, ఇవి తడిపి అద్దుకో" అంది.

"అక్కా, ఈ వయసులో నీకు ఇవన్నీ..." అన్నాను.

"చిన్నప్పుడు నీ గుడ్డలు ఎవరు ఉతికారనుకున్నావు? ఒళ్ళు దేవుడిచ్చిందిరా తమ్ముడూ, సిగ్గు నువ్వు తెచ్చి పెట్టుకున్నావు" అని నా తల మీద చెయ్యి వేసి ప్రార్థన మొదలుపెట్టింది. అక్కకి పెద్ద మాటలు రావు. "తండ్రీ, వీడు మొండోడు, నీకు తెలుసు. వీడి కడుపు సంగతి తరువాత చూద్దువుగాని, ముందు వీడి నోరు తెరువు. వీడేం దాస్తున్నాడో నీ ఎదుట, మా ఎదుట చెప్పించు" అని ఆ ఒక్క మాటే తిప్పి తిప్పి అడిగింది.

నేను ఏడ్చేశాను. ఆమేన్ అనకముందే మొత్తం చెప్పేశాను, పదకొండు సార్లని, నర్సమ్మతో అబద్ధమాడానని, నిన్న మధ్యాహ్నం నుంచి చుక్క మూత్రం రాలేదని. సుగుణ వెళ్ళి ఆసుపత్రి ఫైలు తీసి దాని మీదున్న నంబరుకి ఫోన్ చేసింది. "వెంటనే తీసుకురండి" అన్నారు. మంచం మీద నుంచి లేవబోతే కళ్ళు బైర్లు కమ్మాయి, పక్కింటివాళ్ళు ఇద్దరు పట్టుకుని కారెక్కించారు.

మూడు రోజులు సెలైన్లు పెట్టారు, రక్త పరీక్షలు చేశారు, ఇన్ఫెక్షన్ లేదని చూసుకున్నాక విరేచనాలు తగ్గే మాత్రలు మొదలుపెట్టారు. ఆ నర్సమ్మే వచ్చి నా చెయ్యి పట్టుకుని, "నీళ్ళు మానేస్తే విరేచనాలు ఆగవు బాబాయి గారూ, మీరు ఆగిపోతారు" అంది. ఆ మాట ఇప్పటికీ నా చెవుల్లో ఉంది. డాక్టరు గారు చెప్పింది విన్నాక నా భయమంతా ఎంత అజ్ఞానమో తెలిసింది. "ఒక వారం ఆగి, మందు కొంచెం తగ్గించి ఇస్తాం. ఇది వైద్యం ఆపడం కాదండీ, మీరు తట్టుకునేలా నడిపించడం. మీరు చెప్పకపోతే మాకెలా తెలుస్తుంది?" అన్నారు. ఎన్నిసార్లు వెళ్ళానో రోజూ రాసి పెట్టుకోమన్నారు, జ్వరం వచ్చినా, రక్తం పడినా, కళ్ళు తిరిగినా, మూత్రం తగ్గినా ఇంట్లో కూర్చోకుండా ఫోన్ చేసి రమ్మన్నారు, సొంతంగా ఏ మాత్రా మింగొద్దన్నారు.

ఆ తరువాత అక్క నెల రోజులు మా ఇంట్లోనే ఉండిపోయింది. సహోదరులారా, ఇది చెబితే మీకు వింతగా ఉంటుంది, నా జీవితంలో నాకు మళ్ళీ కావాలనిపించే రోజులు అవే. పొద్దున్నే అక్క బియ్యం మెత్తగా ఉడికించి పల్చటి గంజి వార్చి ఉప్పు వేసి ఇచ్చేది, అరగంటకి ఒకసారి రెండు గుక్కలు ఓఆర్ఎస్ నీళ్ళు, మధ్యాహ్నం మెత్తటి అన్నంలో ఉడకబెట్టిన బంగాళదుంప, సాయంత్రం అరటిపండు. పాలు, కాఫీ, పచ్చిమిర్చి, నూనె వేపుళ్ళు గడప దాటనివ్వలేదు. నేను కాఫీ కోసం మారాం చేస్తే సుగుణా, అక్కా కలిసి నవ్వేవాళ్ళు. ప్రతిసారీ గోరువెచ్చని నీళ్ళతో కడుక్కుని ఆ నూలు గుడ్డతో అద్దుకుని, ఆసుపత్రిలో ఇచ్చిన ఆయింట్‌మెంట్ రాసుకునేవాణ్ణి. సుగుణ క్యాలెండరు మీద గీతలు గీసేది, తొమ్మిది గీతలు, ఏడు, అయిదు, మళ్ళీ ఆరు, తరువాత మూడు. మూడు గీతలు పడ్డ రోజు ముగ్గురం మోకాళ్ళూని స్తుతించాం. మధ్యాహ్నాలు అక్క వసారాలో కూర్చుని వల అల్లుకుంటూ మా నాన్న సంగతులు చెప్పేది, ఆయన సముద్రం మీద చేపల వేట నుంచి వచ్చేవరకు మేమిద్దరం ఒడ్డున కూర్చుని ఎదురుచూసిన రోజులు, ఆయన పడవ కనబడగానే నేను ఆవిడ చంక దిగి పరుగెత్తడం. ఆ మాటలు వింటూ నిద్రపోయేవాణ్ణి.

మిగతా విడతలు ఎక్కువ తక్కువలతో పూర్తయ్యాయి. విరేచనాలు ఒక్కసారిగా మాయమైపోయాయని నేను చెప్పను, మళ్ళీ మళ్ళీ వచ్చాయి, ప్రతిసారీ ఆ రోజే ఫోన్ చేసి చెప్పాం, ప్రతిసారీ దేవుడు దాటించాడు. స్కానింగులో ఇప్పటివరకు ఏమీ లేదు. మందిరానికి తిరిగి వెళ్ళిన మొదటి ఆదివారం ఆరాధన మధ్యలో రెండుసార్లు బయటికి వెళ్ళి వచ్చాను, పెద్దలు ఏమీ అడగకుండా నాకు గుమ్మం పక్కన చోటిచ్చారు. కిందటి వానాకాలంలో అక్క గుండెపోటుతో ప్రభువు దగ్గరికి వెళ్ళిపోయింది. ఆవిడ లేని గిలకలదిండికి వెళ్ళాలంటే కాళ్ళు రావడం లేదు.

ఈమధ్య దివిసీమలో నాగాయలంక దగ్గర ఒక సహోదరుడు కీమో తీసుకుంటున్నాడని తెలిసి చూడడానికి వెళ్ళాను. రొయ్యల చెరువుల దగ్గర కాపలా పని చేసేవాడు. తిండి మానేశాడని, ఎందుకో చెప్పడం లేదని వాళ్ళావిడ గుమ్మంలోనే చెప్పింది. లోపల ఆయన గోడ వైపు తిరిగి పడుకుని ఉన్నాడు. పక్కన కూర్చుని, "రోజుకి ఎన్నిసార్లు వెళ్తున్నారండీ?" అన్నాను. దుప్పటి మొహం మీదకి లాక్కున్నాడు. "నాకు పదకొండు సార్లు అయ్యేదండీ. ఒకసారి మందిరంలోనే అయిపోయింది, డోలక్ పక్కన పెట్టి వచ్చేశాను" అన్నాను.

దుప్పటి తీసి ఇటు తిరిగాడు. "పన్నెండు" అన్నాడు. అని ఏడ్చాడు. వాళ్ళావిడ అప్పటికే ఫోన్ అందుకుంది.

ఈ పత్రిక చదువుతున్న మీలో ఎవరైనా ఇలా దాచుకుని కుమిలిపోతూ ఉంటే, ఈ రోజే మీ ఇంట్లోవాళ్ళకి చెప్పండి, డాక్టరుకి చెప్పండి, మోకాళ్ళూని దేవునికి చెప్పండి. మన ఒంటిని చేసినవాడు దాన్ని చూసి అసహ్యించుకోడు. ఆయన్ని నమ్ముకోండి. ఇంతవరకు నన్ను నడిపించిన ఆ దేవునికే మహిమ కలుగును గాక. ఆమేన్.