క్యాసెట్టులో పోయిన చప్పుడు

మా నాన్న రైల్వే వర్క్‌షాపులో బాయిలర్లకు రివెట్లు కొట్టీ కొట్టీ చెవులు పోగొట్టుకున్నాడు. రైల్వే కాలనీ ఓల్డ్ సెటిల్‌మెంట్‌లోని మా క్వార్టర్‌లో అందరం అరిచే మాట్లాడుకునేవాళ్లం. తొంభైల మొదట్లో నేనూ అదే వర్క్‌షాపులో, వ్యాగన్లు బాగుచేసే షెడ్డులో అప్రెంటిస్‌గా చేరాను. అమ్మ చెప్పిందని చెవుల్లో దూది పెట్టుకున్నాను గానీ, ఆ సుత్తుల మోతకి దూది ఏ మూలకి!

ఇంటికొచ్చాక నాకు ఒకటే సరదా. స్కూలు రోజుల్లో గోల్‌బజార్‌లో రికార్డు చేయించుకున్న ఒక ఇంగ్లీషు న్యూవేవ్ బ్యాండు క్యాసెట్టు. సింథసైజరు, గిటారు, వాటి వెనక డ్రమ్ములవాడు సన్నగా మోగించే సింబల్స్ అనే ఇత్తడి పళ్లేలు. ఆ పళ్లేల కోసమే వినేవాణ్ణి. ఒక సాయంత్రం అవి వినపడలేదు. సన్న చప్పుళ్లు పెంచే ట్రెబుల్ మీట చివరిదాకా తిప్పాను. పాడేవాడి గొంతు ఉంది, పళ్లేలు లేవు. నాన్నకి కూడా ముందు పోయినవి పిచ్చుకల కిచకిచలు, సైకిల్ బెల్లులేనట. నా చెవులూ పోతున్నాయన్నమాట. ఎవరికీ చెప్పలేదు.

మా ఊళ్లోని ఇంజనీరింగ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదువుకునే విజయనగరం కుర్రాడొకడు అమ్మ చేపల పులుసు కోసం ఆదివారాలు మా ఇంటికొచ్చేవాడు. ఓ వారం భోంచేస్తూ, "నీ బ్యాండు ఆల్బములన్నీ సీడీల మీద తెప్పించినాను. నా గదికి రా" అన్నాడు.

హాస్టల్లో హెడ్‌ఫోన్ పెట్టుకున్నాను. పాట మొదలైంది. ఎడమ చెవిలో ఇత్తడి మోగింది, ఒక్కో దెబ్బా విడివిడిగా. కళ్లనీళ్లు తిరిగాయి.

"ఏటైంది నీకు?" అని కంగారుపడ్డాడు.

నా భయమంతా చెప్పాను. అతను నవ్వలేదు.

"నీ చెవులు బాగానే ఉన్నాయి. అరిగింది టేపు. అరిగితే ముందు పోయేవి ఆ సన్న చప్పుళ్లే. సీడీలో ఏదీ పోదు, స్టూడియోలో ఏటి చేసినారో అదే వినబడతాది."

చీకటి పడేదాకా ఆల్బమ్ తర్వాత ఆల్బమ్ విన్నాం. ఒక పాటకి ముందు గాయకుడు ఊపిరి పీల్చుకోవడం కూడా వినిపించింది. నేనూ గట్టిగా ఊపిరి తీసుకున్నాను.

ఆ రాత్రి అన్నం తింటూ నాన్నకి అంతా అరిచి చెప్పాను.

"చెవులు పోనాయనుకున్నావా? మరి నాకు చెప్పవేటిరా?" అన్నాడు నాన్న.

మర్నాడు ఇస్త్రీ చొక్కా వేసుకుని తన పాత ఫోర్‌మన్‌ని కలవడానికి వెళ్లాడు. ఏం మాట్లాడాడో గానీ, కొన్నాళ్లకే నన్ను వర్క్‌షాపులోనే వ్యాగన్లకు రంగులేసే పెయింటు షాపుకి మార్చారు. అక్కడ పనిచేస్తూనే ఒకరితో ఒకరం మామూలు గొంతుతో మాట్లాడుకోగలిగేవాళ్లం.